గొంగడి అంచున అచ్చు

జూలై 6

వాన. దొడ్డిలో బురద. ఏ గొర్రే ఈనలేదు.

ఈ డైరీ వికారాబాదులో పశువుల మందుల షాపువాళ్లు ఇచ్చింది. ఏ గొర్రె ఎప్పుడు ఈనిందో రాసుకుంటాను. మల్లేశ్వర్ పోయినప్పటి నుంచి వేరే సంగతులు కూడా రాస్తున్నాను. ఎవరితోనైనా చెప్పుకోవడం నాకు రాదు.

పొద్దున పెద్దేముల్ నుంచి పరమేశ్ వచ్చాడు. మా కోడలు మల్లీశ్వరికి అన్న. తడిసిన తల తుడుచుకోకుండానే అన్నాడు.

"మామా, తొలి ఏకాదశి నాడు వచ్చి చెల్లెను తీస్కపోత."

నా భార్య శంకరమ్మ అంది, "తీస్కపో నాయినా. తొలి కాన్పు తల్లిగారింట్లనే కావాలె. మూడో నెల పడంగనే మల్ల తోలియ్యి."

పరమేశ్ నేల చూశాడు. "మల్ల ఎందుకత్తా? బావనే లేడాయె. దానికి ఇంక ఇరవై మూడేండ్లు నిండలే. ఆడనే ఉంటది. పిల్ల గూడ ఆడనే పెరుగుతది."

శంకరమ్మ కొంగు నోట్లో కుక్కుకొని లోపలికి పోయింది. ఇంటికి పెద్దవాణ్ణి, నేను ఏదో ఒకటి అనాలి.

"చాయ తాగుతవా?" అన్నాను.

మా కొడుకు మల్లేశ్వర్ తాండూరులో బండలు లారీకి ఎత్తే పనిలో చనిపోయి రెండు నెలలు. మల్లీశ్వరికి ఆరో నెల. వాడిది అంటూ ఈ ఇంట్లో మిగిలింది ఆ కడుపులో ఉన్నదే.

జూలై 8

మల్లీశ్వరి మల్లేశ్వర్ గొంగడి కప్పుకొని దొడ్డి గోడ మీద కూర్చుంది. గోడ తడిగా ఉంది, లెమ్మని చెప్పాలనుకున్నాను. గొర్రెలను అదిలించినట్టు "హే, హే" అన్నాను. నవ్వింది. వాడు పోయాక ఆమె నవ్వడం ఇదే.

"గొర్లతోని మాట్లాడినన్ని మాటలు మాతోని మాట్లాడవు గద మామా నువ్వు."

"అవి ఎదురు చెప్పయి" అన్నాను.

"నేనెప్పుడు జెప్పిన?"

నిజమే. ఎప్పుడూ చెప్పలేదు. పోతావా, ఉంటావా అని ఆమెను ఎవరూ అడగనూ లేదు.

జూలై 10

అటక మీంచి అచ్చు దించాను.

ఇత్తడిది. అరచేయంత ఉంటుంది. మొహాన మూడు గీతలు, వాటి పైన ఒక చుక్క. అది మా మంద గుర్తు. పిడి బోలుగా ఉంటుంది, లోపల ఒక గుండు. జాజు ఎరుపులో ముంచి గొర్రె వీపు మీద నొక్కితే ఆ గుండు సన్నగా మోగుతుంది. మంద ముందు నడిచే పొట్టేలు మెడలోని గంట, ఎవరూ కదపకుండానే, అదే గొంతుతో పలుకుతుంది. రెండూ కలిసి పలికాయా, ఆ జీవం మనది. మనది అంటే ఆ రోజు నుంచి కాదు. పుట్టినప్పటి నుంచీ మనదే అయిపోతుంది.

వరదకు కొట్టుకొచ్చిన గొర్రెకు మా నాయిన ఒకసారి వేశాడు. దాని అసలువాడు మర్నాడు మా దొడ్డి ముందు నుంచే పోయాడు, తల తిప్పలేదు. ఆ గొర్రె మా దొడ్డిలో ఎట్లా పుట్టిందో మా అమ్మ ఊరంతా చెప్పేది. అచ్చు పట్టిన చెయ్యి ఒక్కటే మరిచిపోదు.

చచ్చినదానికి పలకదు అన్నాడు నాయిన. సూడి గొర్రెకు వెయ్యొద్దు అన్నాడు. వేసినవాడు చెరపలేడు అని కూడా అన్నాడు. ఆ జీవాన్ని తీసుకుపోయే ఇంటివాళ్లే తమ చేత్తో బూడిద, మజ్జిగ పెట్టి కడగాలి. గొర్రెను అమ్మితే ఇప్పటికీ మాలో అంతే. కొన్నవాడే గుర్తు కడుక్కుంటాడు.

జూలై 11

వెయ్యను.

జూలై 13

మల్లేశ్వర్ చెప్పుల మీద వేసి చూశాను. పలకలేదు.

చెప్పులు కడిగి మళ్లీ అక్కడే పెట్టాను.

జూలై 16

రేపు తొలి ఏకాదశి. ఆటో మాట్లాడానని పరమేశ్ ఫోన్ చేశాడు. మల్లీశ్వరి బట్టలు మడతపెడుతోంది. వాడి చొక్కా ఒకటి వాటిలో పెట్టుకుంది, మళ్లీ తీసింది, మళ్లీ పెట్టుకుంది.

మధ్యాహ్నం వేశాను.

ఆమె ఒంటి మీద వెయ్యలేదు. గొంగడి మీద వేశాను, అంచున. సూడి గొర్రెకు ఎందుకు వెయ్యొద్దో గొర్రెలు కాసేవాడికి ఎవరూ చెప్పక్కర్లేదు. పడేసి, కాళ్లు పట్టి, వీపు మీద నొక్కితే కడుపు పోతుంది. గొంగడికి ఆ భయం లేదు. దండెం మీద ఆరేసి ఉంది. కప్పుకునేది ఆమె, నలిగేది ఉన్ని.

అచ్చు మోగింది. పొట్టేలు కాళ్లు ముడుచుకొని నెమరేస్తోంది. దాని గంట పలికింది.

కాన్పయ్యేదాకా ఆమె ఇక్కడుంటే చాలు. అంతకన్నా నాకేమీ వద్దు.

జూలై 17

"నాయినా, నీళ్లు తోడిన. తానం జెయ్యి" అంది మల్లీశ్వరి.

మామా అనలేదు.

పరమేశ్ రాలేదు. ఆటో రాలేదు. శంకరమ్మ పేలాల పిండి దంచుతూ "బిడ్డా, బెల్లం తే" అని కేకేసింది. గోడ మీద పెళ్లి ఫోటోలో మల్లేశ్వర్ ఒక్కడే ఉన్నాడు, అదే చొక్కా. దండ ఉంది. వాడు పోయింది పోయినట్టే ఉంది. మల్లీశ్వరి ఆ ఫోటోకు పేలాల పిండి పెట్టి, "అన్నకు ఇష్టముండె" అంది.

బోరింగు నుంచి బిందె నడుముకు పెట్టుకొని తెచ్చింది. బిందె నడుముకు సరిగ్గా ఆనింది.

మంచిది. ఇంట్లోనే ఉంది.

జూలై 18

ఇంట్లోనే ఉంది.

జూలై 21

పొద్దున శంకరమ్మ గడప మీద కూర్చుని మల్లీశ్వరి తలకు నూనె పెట్టింది. ఆరు నెలల కింది దాకా ఒకరి మీద ఒకరు నాతో చెప్పినవాళ్లు. కూరలో ఉప్పెక్కువ అని ఈమె, గొంతెక్కువ అని ఆమె. ఇప్పుడు ఒకరి ఒళ్లో ఒకరు.

"నువ్వు పుట్టిన నాడు గిట్లనే వాన" అంది శంకరమ్మ పాయలు తీస్తూ. "మీ నాయిన మంత్రసానికోసం ఉరికి, ఆమె ఇంటి ముంగట నిలబడి పిలువ సిగ్గయి అట్లనే నిలబడ్డడు. కుక్క మొరిగితే గాని ఆమె బయటికి రాలే. అడుగు మీ నాయినను."

"నిజమా నాయినా?"

"నిజమే" అన్నాను.

ఇద్దరూ నవ్వారు. మల్లేశ్వర్ పోయాక శంకరమ్మ పళ్లు చూడడం ఇవాళే. తప్పేముంది ఇందులో. ఏమీ లేదు.

మల్లీశ్వరి గోడ ఎక్కి చింతచిగురు కోసింది. చురుకైన పిల్ల.

జూలై 24

అంగన్‌వాడీ రాహేలమ్మ గుడ్ల ట్రే పట్టుకొని మా ఇల్లు దాటి పోయింది. ప్రతి వారం ఆగేది, మల్లీశ్వరికి ఇచ్చేది. వెనక నడిచాను. మూల దాకా నడిచాను.

"ఏంది పెద్దయ్యా?"

"మా ఇంటికి గుడ్లు" అన్నాను.

"కడుపుతోని ఉన్నోళ్లకే ఇస్త గద. మీ ఇంట్ల ఎవరున్నరు?" నన్ను కిందికీ మీదికీ చూసింది. "నీకా? ఎన్నో నెల?"

పక్కన ఆడవాళ్లు పడీ పడీ నవ్వారు. నేనూ నవ్వాను. ఇంటికి వచ్చి గొర్రెలకు రొట్ట వేశాను. రొట్ట మొత్తం వేసేశాను.

జూలై 27

రాస్తాను.

కడుపు లేదు. పోయింది అనడానికి కూడా లేదు. పోతే ఏడ్చేవాళ్లుండేవాళ్లు. ఆమె మా బిడ్డ అయితే మా కొడుకును పెళ్లి చేసుకోలేదు. పెళ్లి లేకపోతే కడుపు లేదు. గొర్రె కూడా ఆలోచించగలిగినంత సంగతి. నేను ఆలోచించలేదు.

సూడి గొర్రెకు వెయ్యొద్దని నాయిన అన్నది ఇందుకు. నొక్కితే కడుపు పోతుందని కాదు.

వాడి బిడ్డను ఇంట్లో ఉంచుకుందామనే వేశాను.

జూలై 28

బూడిద, మజ్జిగ తీసుకొని వాగుకు పోయి గొంగడి అంచు రుద్దాను. వేళ్లు పగిలాయి. మూడు గీతలు, చుక్క. అట్లాగే ఉన్నాయి.

తీసుకుపోయేవాళ్లు కడగాలి. ఆమె మా బిడ్డ అయినాక ఎవరు తీసుకుపోతారు, ఎందుకు వస్తారు.

ఆగస్టు 5

మల్లప్ప వచ్చాడు. గొర్రెల బేరాలూ చేస్తాడు, సంబంధాలూ చెప్తాడు, రెండింటికీ ఒకటే సంచి. శ్రావణం వచ్చిందని కొత్త తువ్వాల వేసుకున్నాడు.

"వదినే, పిల్లగాడు బంగారం. తాగుడు లేదు, తిరుగుడు లేదు. నాలుగెకరాలు కంది. తల్లీ కొడుకులే, ఇంక ఎవరు లేరు. పెద్దేముల్."

"పేరేంది?" అంది శంకరమ్మ.

"పరమేశ్."

నా చేతిలో చాయ గ్లాసు ఉంది. కింద పెట్టాను.

అప్పుడు మల్లీశ్వరిని మల్లేశ్వర్‌కు చూసింది కూడా మల్లప్పే. ఈ రెండిళ్లే అతని సంచిలో పక్కపక్కన ఉన్నాయి. ఒక దారి మూసుకుపోతే ఇంకో దారిన మళ్లీ అదే ఇంటికి వచ్చాడు. సొంత అన్నకు.

"వద్దు" అన్నాను.

"ఎందుకొద్దు?" అంది శంకరమ్మ. "ఇంట్ల పీనుగ లేసింది. ఏడాది లోపల ఒక శుభం జెయ్యకుంటే మూడేండ్లు ఆగాలె. అప్పటిదాక పిల్లను ఇంట్ల కూసోవెడతవా?"

"వద్దు."

మల్లప్ప గడ్డం గోక్కున్నాడు. "ఈరన్న నోట్లకెల్లి ఒక్కనాడే రెండు మాటలొచ్చినయి వదినే. వానలు మస్తు పడతయి ఈ ఏడు."

మల్లీశ్వరి తలుపు వెనక నుంచి నవ్వింది. సంబంధం ఖాయం చేసుకునే పూలు పండ్ల రోజు పెట్టేసుకున్నారు. పద్నాలుగో తేదీ.

ఆగస్టు 8

చెప్పేద్దామని పోయాను. వికారాబాదులో రైలెక్కి తాండూరు, అక్కడి నుంచి పెద్దేముల్‌కు షేర్ ఆటో. దారంతా మాటలు పేర్చుకున్నాను. "చెల్లే, ఆ పిల్ల నీ కడుపున పుట్టింది." అంతే. అంతకు మించి అక్కర్లేదు.

మల్లీశ్వరి కన్నతల్లి లక్ష్మమ్మ కంది చేనులో కలుపు తీస్తోంది. నన్ను చూసి కొంగు సర్దుకుంది. పోయిన ఏడాది మల్లీశ్వరిని సాగనంపుతూ నా చేతులు పట్టుకొని ఏడ్చిన మనిషి. ఇప్పుడు కొత్తవాణ్ణి చూసినట్టు చూసింది.

ఇంటికి తీసుకుపోయి చాయ పెట్టింది.

"పిల్ల తండ్రివి నువ్వే వచ్చినవంటే మంచి మర్యాదస్తుడివన్నా" అంది. "నాకు ఆడపిల్ల లేదు. ఇదివరకు ఎన్నడు ఫికర్ జెయ్యలే. పోయిన నెల నుంచే ఏమో అయితున్నది నాకు. పొద్దుగాల నూనె అరచేతుల పోసుకుంట. పోసుకొని, ఎవరి తలకు పెట్టాల్నో మర్సిపోత. పరమేశ్ నవ్వుతడు. వాని నెత్తికే రుద్దుత."

పరమేశ్ సిగ్గుపడ్డాడు. "మామా, బిస్కెట్ తిను" అన్నాడు. అప్పుడూ మామనే, ఇప్పుడూ మామనే.

"నీ బిడ్డను నా బిడ్డలెక్క సూస్కుంట" అంది లక్ష్మమ్మ.

పేర్చుకున్న మాటలు ఒక్కటీ రాలేదు. "సరే చెల్లే" అన్నాను. ఆటో ఎక్కాను.

ఆగస్టు 10

సంబంధం పరమేశ్‌ది కాకపోయి ఉంటే నేను నోరు మూసుకొనే ఉండేవాణ్ణి. శంకరమ్మ నవ్వుతోంది కదా అని ఊరుకునేవాణ్ణి. వాడి బిడ్డ లేకుండా పోయినా ఊరుకునేవాణ్ణి.

రాసి కొట్టేద్దామనుకున్నాను. కొట్టెయ్యలేదు.

ఆగస్టు 12

వాళ్లు తీసుకుపోవడానికే వస్తున్నారు. తీసుకుపోయే ఇల్లే. లక్ష్మమ్మ చెయ్యి కడిగితే చాలు.

కడిగితే మల్లీశ్వరి మళ్లీ మొగుడు పోయిన పిల్ల అవుతుంది. మళ్లీ మొదటి నుంచి ఏడుస్తుంది. పెద్దేముల్ పోతుంది, ఇక రాదు. శంకరమ్మకు కొడుకూ ఉండడు, బిడ్డా ఉండదు.

కడగకపోతే.

ఆగస్టు 14

పూలు పండ్లకు వచ్చారు. లక్ష్మమ్మ, పరమేశ్, మల్లప్ప. ఇత్తడి పళ్లెంలో చీర, పూలు, పండ్లు. మల్లీశ్వరికి శంకరమ్మ పసుపు చీర కట్టింది, చేతినిండా గాజులు వేసింది. పరమేశ్ ఒక్కసారి చూసి తల దించుకున్నాడు. "చిన్నప్పుడు అన్న నా జడ గుంజి ఉరికేటోడు మామా" అని ఒకనాడు నాతో ఆమే చెప్పింది.

గొంగడి, బూడిద గిన్నె, మజ్జిగ చెంబు తెచ్చి లక్ష్మమ్మ ముందు పెట్టాను.

"చెల్లే. ముందుగాల ఈ అంచు కడుగు. నీ చేత్తోని."

మల్లప్ప పకపక నవ్వాడు. "ఈరన్నా, పిల్లనిస్తున్నవా, గొర్రెను అమ్ముతున్నవా?"

"మా ఇంటి పద్ధతి" అన్నాను.

"ఏం పద్ధతయ్యా?" శంకరమ్మ మొహం ఎర్రబడింది. "నలభై ఏండ్ల సంసారంల నేను సూడని పద్ధతి! పదిమందిల ఇజ్జత్ తియ్యకు. లోపట పెట్టు అది."

"అమ్మ కొత్త చీర కట్టుకున్నది మామా" అన్నాడు పరమేశ్ మెల్లగా. "ఎనుక కడుగుతది తియ్యి. ముందు పూలు పెట్టనియ్యి."

లక్ష్మమ్మ పూలదండ చేతిలోకి తీసుకుంది. మల్లీశ్వరి తల వంచింది.

"పెట్టొద్దు!"

మందలో తోడేలు పడితే వచ్చే గొంతు వచ్చింది నాకు. దొడ్డిలో గొర్రెలన్నీ లేచి నిలబడ్డాయి. లక్ష్మమ్మ చెయ్యి గాలిలో ఆగింది.

"కడుగు. కడగకుంటే పిల్లనియ్య."

మల్లీశ్వరి తలెత్తి నన్ను చూసింది. భయపడలేదు. ఆశ్చర్యంగా, కొంచెం ముచ్చటగా చూసింది. "ఇంత గొంతున్నదా నాయినా నీకు?" అంది.

ఆమె నన్ను నాయినా అనడం అదే కడసారి.

"కడుగుత తియ్యన్నా, నా చెయ్యేమన్న అరుగుతదా" అని లక్ష్మమ్మ కొంగు దోపుకుంది. బూడిద వేసింది, మజ్జిగ పోసింది, బొటనవేలితో రుద్దింది. చుక్క పోయింది. ఒక గీత పోయింది. నేను రుద్దితే కదలనిది, ఆమె వేలి కింద తడిమట్టిలా వచ్చేసింది. దొడ్డిలో గంట పలకడం మొదలైంది. కడపటి గీతతో ఆగిపోయింది.

పళ్లెంలో పూలు లేవు. పండ్లు ఉన్నాయి.

మల్లీశ్వరి నుదుట ఏమీ లేదు. చేతులకు గాజులు లేవు. గోడ పట్టుకొని, ఇంకో చెయ్యి నడుము మీద పెట్టుకొని మెల్లగా లేచింది. కడుపు ఉంది. ఏడో నెల. గుంజకు ఆనుకున్నాను.

"పోదామా చెల్లే, ఆటో ఆగింది" అన్నాడు పరమేశ్, సంచి ఎత్తుతూ. లక్ష్మమ్మ తన చేతికి అంటిన బూడిద చూసుకుని, ఎందుకో అర్థంకానట్టు కొంగుకు తుడుచుకుంది. మల్లప్ప పెద్దమనిషిలా గొంతు సవరించుకున్నాడు. శంకరమ్మ కోడలితో మాట్లాడకుండా ఇంట్లోకి పోయింది.

మల్లీశ్వరి దొడ్డి గోడ దగ్గరికి వచ్చింది. ఖాళీ బిందె అక్కడుంటే పక్కకు పెట్టబోయింది. బిందె నడుముకు ఆనలేదు.

"బిందె ఎత్తకు" అన్నాను.

"పోయొస్త మామా." కదలకుండా నిలబడింది. "ఒక్కపారి ఉండుమంటవేమో అనుకున్న. అత్త ఏడ్సింది. నువ్వు అన్నకు చాయ తాగుమన్నవు."

"అంటే ఉంటుంటివా?"

అడిగాను. నిజంగా అడిగాను.

"ఏమో మామా. అడిగితే గద నాకెరుకయ్యేది."

గొంగడి ఆమె చేతిలో పెట్టాను. "అంచు తడిగున్నది. ఆటోల కప్పుకోకు, సర్ది పడుతది. ఇంటికి పోయి ఆరేసుకొని కప్పుకో. వానిది. పిల్లకు గూడ కప్పు" అన్నాను. ఆమెతో నేను ఇన్ని మాటలు ఒకేసారి ఎప్పుడూ మాట్లాడలేదు.

తల ఊపింది. ఆటో పోయింది.

ఆగస్టు 16

మల్లేశ్వర్ తాండూరు నుంచి మోసుకొచ్చి వేసిన నాపరాయి ఉంది, బట్టలుతికే బండ. దాని మీద అచ్చు మొహం అరగదీశాను. మూడు గీతలు పోయేదాకా. గంట పొద్దంతా మూలిగింది. పొట్టేలు నన్నే చూస్తూ నిలబడింది. సాయంత్రానికి గంట ఊరుకుంది. ఇప్పుడు కదిపితేనే మోగుతుంది.

మా మందకు ఇక అచ్చు లేదు. జాజులో వేలు ముంచి పెడుతున్నాను. వానకు పోతుంది. మళ్లీ పెడతాను.

ఆగస్టు 17

ఒక గొర్రె ఈనింది. ఆడపిల్ల. తల్లి నాకింది. బాగుంది.

ఆగస్టు 20

పొద్దున శంకరమ్మ గడప మీద కూర్చుంది. దువ్వెన పక్కన పెట్టుకుంది. అరచేతిలో నూనె పోసుకుంది. చాలాసేపు అట్లాగే ఉండిపోయింది.

"ఎందుకు పోస్కున్ననయ్యా గీ నూనె?" అంది.

నాకు తెలుసు. ఆ వాన రోజు నాకు తెలుసు, మంత్రసాని ఇల్లు తెలుసు, మొరిగిన కుక్క కూడా తెలుసు. ఆమెకు తెలియదు.

నూనె వేళ్ల సందుల్లోంచి కారుతోంది. పోయి ఆమె ముందు, కింది మెట్టు మీద కూర్చున్నాను. తలకు చుట్టిన రుమాలు విప్పాను.

"ఏడున్నయి నీకు ఎంటికెలు?" అంది.

"ఉన్నకాడికి పెట్టు."

పెట్టింది. రుద్దుతూ రుద్దుతూ, జడకు పాయలు తీసినట్టు ఆమె వేళ్లు నా మెడ మీదికి జారాయి. అక్కడ ఏమీ దొరకలేదు. ఆగాయి.